పది గడులు, ఆరు వాల్వులు

అక్టోబర్ 4

అత్తకి,

ఇంట్లో అందరూ బాగున్నారు, నేను తప్ప. జ్వరమేమో అని కంగారు పడకు. కాలేజీ అప్లికేషన్ ఫారం వచ్చింది, అంతే.

నీకు పోయినసారే చెప్పాను కదా, పట్టణ ప్రణాళిక కోర్సు. వీధులు ఎలా వేయాలో, బస్సులు ఎటు తిప్పాలో, మురుగు ఎటు పోవాలో నేర్పే చదువు. ఉన్నవి ముప్పై సీట్లు. మార్కులకు నాకు భయం లేదు, కానీ అడిగేవాళ్ళందరికీ మార్కులున్నాయి. అందుకని కాలేజీవాళ్ళు ఇంకోటి అడుగుతున్నారు. ఫారం నాలుగో పేజీ నిండా పది గడులు. పైన 'తరగతి చదువు కాకుండా మీరు చేసిన పనులు' అని శీర్షిక. ఒక్కో గడిలో మూడేసి వాక్యాలు రాయాలి. రాసింది నిజమేనని ఇంటివాళ్ళు కాని మనిషి చేత ఒక ఉత్తరం కూడా రాయించి జతచేయాలి.

మా క్లాసులో పొడుగమ్మాయి ఉందే, అది పది గడులూ నింపేసి పదకొండోది గీసుకోవచ్చా అని అడుగుతోంది. ఈత, గిటారు, చదరంగం, వక్తృత్వం, ఇంకా ఏవేవో. నాకేమున్నాయి? వాలీబాల్ పదిహేను రోజులు ఆడాను. సాధన సాయంత్రం అయిదింటికి. మా బిల్డింగులో నీళ్ళు వచ్చేదీ అయిదింటికే. నాటకాల బృందం కలిసేదీ ఆ వేళకే. నాలుగేళ్ళుగా ఆ మోటారు దగ్గర పడి ఉన్నాను కాబట్టి నాకు ఆటా లేదు, పాటా లేదు. తలుచుకుంటే ఏడుపొస్తోంది.

మా వీధి చివర ఒక దరఖాస్తుల మాస్టారున్నాడు. జనానికి ఫారాలు నింపిపెట్టడమే ఆయన వృత్తి. "ఖాళీ గడి చూస్తే ఖాళీ బుర్ర అనుకుంటారమ్మా. ఒక్కటీ వదలకూడదు" అన్నాడు. ఆఖరి తేదీ నవంబర్ 30.

ఈ సీటు రాకపోతే ఇక్కడే ఏది దొరికితే అది చదువుతూ, నాన్న డ్రైవింగ్ స్కూల్ కౌంటర్లో కూర్చోవాలి. నాకు ఇంకే చదువూ వద్దత్తా. ఇదే కావాలి.

నీ కోడలు

*

అక్టోబర్ 12

కోడలు పిల్లకి అత్త దీవెనలు,

నీ ఉత్తరం బాయిలర్ల పక్కన నిలబడి చదివాను. మొన్న నువ్వు చేసిన ఫోన్ మాత్రం నాకు ఒక్క ముక్క అర్థం కాలేదు. ముప్పై ఏళ్ళుగా ఫ్యాక్టరీ ఫ్యాక్టరీ తిరిగి బాయిలర్లు తనిఖీ చేస్తున్న మనిషిని. నా రెండు చెవులూ వాటికే సమర్పించుకున్నాను. ఇకమీదట ఏదున్నా కాగితం మీద పెట్టు. మెసేజీలు కూడా వద్దు. ఆ చిన్న అక్షరాలు వెతుక్కునేసరికి చెప్పాలనుకున్న మాట ఆవిరైపోతుంది.

ఇక నీ గోడు. ఆడలేక మద్దెల ఓడు అన్నట్టుంది. మోటారు స్విచ్ నొక్కడానికి ఎంతసేపు పడుతుందే? నొక్కి వాలీబాల్‌కి పోవచ్చుగా. పైగా ఆ బిల్డింగు నీళ్ళ సంగతి చూసేది మా తమ్ముడు, మీ నాన్న. సంఘానికి కార్యదర్శి వాడు. 'అక్కా, నీళ్ళ గొడవ మొత్తం సర్దేశాను' అని వాడే రెండేళ్ళ కిందట నాకు రాశాడు. వాడి కష్టాన్ని నీ సాకుగా వాడుకోకు.

నీకు గడులు నింపడం రాదు, నేను చెప్తాను. నేను రిపోర్టు రాస్తే మూడే ముక్కలు. ఏం చూశాను, ఏం చేశాను, దానివల్ల ఏం మారింది. 'సహాయం చేశాను' అన్న మాట నా కింద పనిచేసేవాళ్ళు రాస్తే కాగితం చింపేస్తాను. బాయిలర్‌కి ఎవరూ సహాయం చేయరు. పగులు పట్టుకుంటారు, లేదా పట్టుకోరు.

నువ్వు చేసింది మాత్రమే రాయి. ఇంకొకరు చేసింది వద్దు. రాసి నాకు పంపు.

అత్త

*

అక్టోబర్ 20

అత్తకి,

నువ్వన్నది నిజమే. మోటారు నాన్న పేరు మీద ఉన్న పని, నోటీసులన్నీ కార్యదర్శి సంతకంతోనే వెళ్తాయి. నేను నోరెత్తకూడదు. ఆ సంగతి తీసేశాను.

దరఖాస్తుల మాస్టారు మొదటి రెండు గడులు టైపు చేసి ఇచ్చాడు. నువ్వు చెప్పిన మూడు ముక్కల లెక్కలోనే ఉన్నాయి. కాపీ పెడుతున్నాను.

ఒకటి: 'పచ్చని వీధి' బాలల సంఘం వ్యవస్థాపక అధ్యక్షురాలు. వీధుల్లో నీడ లేదని గమనించి, అరవై మంది పిల్లలను కూడగట్టి నాలుగు వందల మొక్కలు నాటించింది. మూడు వీధుల రూపురేఖలు మారాయి.

రెండు: పెద్దవాళ్ళ కంప్యూటర్ బడి నిర్వాహకురాలు. యాభై మంది పెద్దలకు శిక్షణ.

ఎలా ఉన్నాయో చెప్పు. తొందరగా చెప్పు.

కోడలు

*

అక్టోబర్ 27

నా బంగారు కోడలికి,

ఇంత పని చేసి నాకు ఒక్క మాట చెప్పలేదేమే? నీ కాగితం ఆఫీసులో అందరికీ చదివి వినిపించాను. నా గొంతు మామూలుగానే పెద్దది, పక్క ఆఫీసు వాళ్ళకీ వినపడిందట. "మా ఇంటి పిల్ల అండీ, అడవి పెంచింది" అని చెప్పుకున్నాను. మా పెద్దాఫీసరు వాళ్ళ కూతురికి చూపించి సిగ్గు తెప్పిస్తానని కాపీ తీసుకున్నాడు.

నిన్ను సోమరిదానివనుకున్నాను. తప్పయింది, లెంపలేసుకుంటున్నాను.

కాకపోతే తనిఖీ బుద్ధి ఊరుకోదు. 'రూపురేఖలు మారాయి' అంటే చాలదు. నాలుగు వందల మొక్కల్లో ఎన్ని బతికాయి? ఏ చెట్లు? వేసవిలో వాటికి నీళ్ళెవరు పోశారు? పశువులు తినకుండా ఏం చేశారు? అరవై మంది పిల్లల్లో ఇప్పటికీ వచ్చేవాళ్ళెందరు? వీటికి జవాబులు రాస్తే ఆ గడి ముందు ఎవడి గిటారూ నిలవదు.

ఒక ఫోటో కూడా పంపు. మా గోడకి పెడతాను.

గర్వంతో,
అత్త

*

నవంబర్ 3

అత్తా,

ఒక్క మొక్క కూడా లేదు.

సంఘం లేదు, అరవై మంది పిల్లలు లేరు. కంప్యూటర్ బడి లేదు. అంతా మాస్టారు అల్లాడు. "అందరూ ఇలాగే రాస్తారమ్మా, ఎవరొచ్చి లెక్కపెడతారు" అన్నాడు. నువ్వు లెక్కపెట్టావు. నీ ఉత్తరం చదువుతుంటే, గుమ్మడికాయల దొంగ ఎవరంటే భుజాలు తడుముకున్నట్టు, ప్రతి ప్రశ్నకీ ఒకసారి తలుపు వైపు చూశాను. మీ పెద్దాఫీసరు కూతురు నన్ను చూసి సిగ్గుపడుతుంటే నాకెలా ఉంటుందో ఆలోచించు.

నువ్వు తిట్టినా పడతాను. కానీ నా దగ్గర రాయడానికి నిజంగానే ఏమీ లేదు. ఎందుకు లేదో ఒక్కసారి చెప్తాను, సాకు అనుకుంటే అనుకో.

మాకు ఆరంతస్తులు. పైన పెద్ద ట్యాంకు. దాన్నుంచి అంతస్తుకొకటి చొప్పున ఆరు గొట్టాలు, ఆరు వాల్వులు. వాల్వులు తిప్పే వాచ్‌మన్ పని మానేసినప్పుడు నాకు పదమూడేళ్ళు. ఆ వేళకి నాన్న కారులో ఎవరికో గేర్లు నేర్పుతూ ఉంటాడు, అమ్మ ఆసుపత్రి డ్యూటీలో ఉంటుంది. ఇంట్లో ఉండేది నేనే కాబట్టి నా మెడకి చుట్టుకుంది. తలా పదిహేను నిమిషాలు, మొత్తం గంటన్నర. రోజూ గొడవే. పైవాళ్ళు నీళ్ళు చాలలేదనీ, కిందివాళ్ళు పైవాళ్ళకి ఆశ ఎక్కువనీ. మొదటి అంతస్తు సెలూన్ ఆయనా, అయిదో అంతస్తు పళ్ళ డాక్టరమ్మా మెట్ల మీదే కాలర్లు పట్టుకునేదాకా పోయారు.

నేను విసుగొచ్చి ఒక బకెట్టు, గడియారం పట్టుకుని నాలుగు ఆదివారాలు ఆరంతస్తులూ తిరిగాను. కింద సెలూన్‌లో బకెట్టు ఇరవై నాలుగు సెకన్లకి నిండుతోంది. ఆరో అంతస్తులో డెబ్భై రెండు. ట్యాంకుకి దగ్గరగా ఉన్న పైవాళ్ళకే ధార సన్నం. పదిహేను నిమిషాల్లో కింది ఇంటికి ముప్పై ఏడు బకెట్లు, పైఇంటికి పన్నెండు. అందరికీ సమయం సమానంగా ఇచ్చి, నీళ్ళు మాత్రం మూడింతలు తేడాగా ఇస్తున్నాం! అప్పుడు నిమిషాలు మార్చాను. పై నుంచి కిందికి ఇరవై నాలుగు, పంతొమ్మిది, పదహారు, పదమూడు, పది, ఎనిమిది. మొత్తం అదే గంటన్నర. ఇంటికి ఇరవై బకెట్లు, ఎవరికైనా సరే.

ఎనిమిది నిమిషాలేనా అని సెలూన్ ఆయన కత్తెర పట్టుకునే బయటికొచ్చాడు. ఆయన్నే బకెట్టు పట్టుకోమని, ముందు కింద, తర్వాత ఆరో అంతస్తుకి తీసుకెళ్ళి నింపించాను. ఆయాసపడుతూ దిగొచ్చి "నిజమేనే" అన్నాడు. ఆ తర్వాత గొడవల్లేవు. ఇప్పటికి మూడేళ్ళు.

ఆరో అంతస్తు జడ్జిగారు మాత్రం, రిటైరయ్యారు, ఆయన దగ్గర మేడ తాళం ఒకటి ఉండేది. అందరి వంతూ అయ్యాక మెల్లగా తన వాల్వు మళ్ళీ తిప్పుకునేవారు. ట్యాంకులో కర్ర పెట్టి రోజూ కొలిచేదాన్ని కాబట్టి రెండు జానలు తగ్గిందని తెలిసిపోయింది. వారం రోజుల కొలతలు రాసి, 'ఆరో అంతస్తులో ఫలానా ఇంటికి మూడు రోజులు నీళ్ళు బంద్, కార్యదర్శి' అని నోటీసు అంటించాను. ఆయన ఇంటి వాల్వు విడిగా కట్టేశాను. అప్పట్నుంచి ఆయన నాన్నతో మాట్లాడటం మానేశారు.

చూశావా, ఇదీ నా నాలుగేళ్ళ బతుకు. ఇందులో ఆట ఎక్కడుంది, బహుమతి ఎక్కడుంది? పది గడులూ ఖాళీయే.

సిగ్గుతో,
కోడలు

*

నవంబర్ 10

ఒసేయ్,

ముందు తిట్టు. అబద్ధం రాయడానికి ఒప్పుకున్నందుకు నాకు ఒళ్ళు మండిపోయింది. పెద్దాఫీసరు దగ్గరికి వెళ్ళి "ఆ అడవి ఎండిపోయిందండీ" అని కాపీ వెనక్కి తీసుకున్నాను. తల తీసేసినట్టయింది. తిట్టు అయిపోయింది.

ఇప్పుడు చెప్తున్నాను, కూర్చుని చదువు. చంకలో పిల్లని పెట్టుకుని ఊరంతా వెతికావే! నువ్వు సాకు అని రాసినదే ఆ పది గడులకీ సమాధానం. ఉత్తరం మూడుసార్లు చదివాను. మూడోసారి నా కళ్ళద్దాలు తుడుచుకోవాల్సి వచ్చింది, ఆవిరి వల్ల కాదు. పద్నాలుగేళ్ళ పిల్ల బకెట్టు పట్టుకుని న్యాయం కొలిచింది. వీధులు ఎలా వేయాలో నేర్పే కాలేజీకి ఇంతకన్నా ఏం కావాలి?

పది గడులూ నింపకు. నాలుగే రాయి. ఒకదాంట్లో కొలత: ఎన్ని ఇళ్ళు, ఎన్ని ఆదివారాలు, ఎన్ని సెకన్లు. రెండోదాంట్లో నిమిషాల పట్టిక, దానివల్ల గొడవలు ఆగడం. మూడోదాంట్లో ట్యాంకు కర్ర, దొరికిన దొంగతనం, వేసిన శిక్ష. నాలుగోదాంట్లో సెలూన్ ఆయన్ని ఒప్పించడం. మిగతా ఆరు గడుల్లో అడ్డంగా గీత కొట్టి, 'ఆ వేళకి వాల్వుల దగ్గర ఉన్నాను' అని రాయి. గొప్పలు వద్దు, తగ్గించుకోవడమూ వద్దు. 'నాన్నకి సహాయంగా' అన్న మాట కనిపించిందో, వచ్చి చింపేస్తాను.

ఇక మా తమ్ముడి సంగతి. కూతురు చేసిన పనికి సంతకం తనది పెట్టుకుని, 'నేను సర్దేశాను' అని నాకు గొప్పలు రాస్తాడా! వాడికి విడిగా ఒక ఉత్తరం వేశాను. నాలుగు పేజీలు. అందులో దీవెనలు లేవు.

అత్త

*

నవంబర్ 17

అత్తా,

నాన్నకి నీ నాలుగు పేజీలు అందాయి.

చదివి, మడిచి, జేబులో పెట్టుకున్నాడు. కోప్పడలేదు. మర్నాడు సంఘం వాళ్ళకి కార్యదర్శిగా రాజీనామా రాసిచ్చాడు. అప్పట్నుంచి నాతో అవసరానికి మించి మాట్లాడటం లేదు. నేను చాడీ చెప్పాననుకుంటున్నాడు. నువ్వెందుకు రాశావత్తా? నేను నీకు చెప్పుకున్నానంతే, ఫిర్యాదు చెయ్యలేదు.

అమ్మని అడిగితే అసలు సంగతి చెప్పింది. మొదటి నోటీసు నేను నా పేరుతోనే రాశానట, నాకు గుర్తులేదు. ఆ సాయంత్రం నాలుగో అంతస్తు ఆయన మా గుమ్మం దగ్గరికి వచ్చి, చిన్నపిల్ల మాకు చెప్పేదేంటని నానా మాటలూ అన్నాడట. నేను మేడ మీద వాల్వుల దగ్గర ఉన్నాను. నాన్న ఆ నోటీసు చింపేసి, అదే మాటలు మళ్ళీ రాయించి కింద తను సంతకం పెట్టాడు. "సంతకం నాదైతే తిట్లు నాకొస్తాయి, పిల్లకి రావు" అన్నాడట అమ్మతో. ఈ నాలుగేళ్ళూ మెట్ల మీద ఎవరేమన్నా నాన్నే పడ్డాడు. జడ్జిగారు ఇంటి ముందు నిలబడి అరిచినప్పుడు కూడా "అవునండీ, నేనే ఆపాను" అని ఊరుకున్నాడట. నీకు గొప్పలు రాయడం కూడా అందుకే. నిజం రాస్తే పిల్ల చేత పని చేయిస్తున్నావా అని నువ్వు తిడతావని.

నేను ఫారంలో నేను చేశాను, నేను కొలిచాను అని నాలుగు గడులూ రాసి కూర్చున్నాను. ఇప్పుడది పంపితే నాన్నని అబద్ధాలకోరు అన్నట్టే. పంపకపోతే సీటు లేదు. నిజమని రాసివ్వడానికి బయటి మనిషీ లేడు, బిల్డింగులో అందరికీ అది కార్యదర్శి పనే. పదమూడు రోజులే ఉన్నాయి.

ఏం చెయ్యను?

కోడలు

*

నవంబర్ 22

కోడలా,

తప్పు నాది. నా ఉద్యోగంలో చెవులు పోయాయి కానీ కళ్ళున్నాయనుకున్నాను. పరీక్షించకుండా రిపోర్టు రాశాను. నా కింద పనిచేసేవాళ్ళు ఇలా చేస్తే ఊరుకునేదాన్ని కాదు.

తమ్ముడికి ఈ కవరులోనే ఇంకో ఉత్తరం పెట్టాను. ఇది ఒక్క పేజీయే. క్షమించమని అడిగాను. చిన్నప్పుడు కిటికీ అద్దం నేను పగలగొడితే వాడు దెబ్బలు తిన్నాడు. 'అది మర్చిపోయి నీకు అలా ఎలా రాశాను' లాంటి మాటలు. నువ్వే చేతికివ్వు, దగ్గరుండి చదివించు.

ఫారంలో ఒక్క అక్షరం మార్చకు. నువ్వు చేసింది నువ్వు రాయడం తండ్రిని తక్కువ చెయ్యడం కాదు. వాడు నాలుగేళ్ళు గొడుగు పట్టింది నువ్వు ఎప్పటికీ దాని కిందే ఉండాలని కాదు కదా. ఈ మాట నేను చెప్పేకంటే వాడినే అడుగు. ఎదురుగా కూర్చుని నోరు తెరిచి అడుగు. మన ఇంట్లో అదొక్కటే ఎవరికీ చేతకాదు.

ఇంటివాళ్ళం కాబట్టి నా సంతకం చెల్లదు. చెల్లితే పేజీలకి పేజీలు రాసిచ్చేదాన్ని.

అత్త

*

నవంబర్ 29

అత్తా, అత్తా, అత్తా,

పంపేశాను! ఒకరోజు ముందే!

నీ ఉత్తరం చదివి నాన్న నవ్వాడు. "మీ అత్త క్షమించమని అడగడం ఇదే మొదటిసారి, దాచుకోవాలి" అని బీరువాలో పెట్టాడు. నేను ఎదురుగా కూర్చుని ఫారం ఇచ్చాను. నాలుగు గడులూ చదివాడు. తర్వాత "నాలుగో గడిలో పళ్ళ డాక్టరమ్మని కూడా ఒప్పించావు, అది వదిలేశావేం?" అన్నాడు. అంతే. ఇద్దరం ఏడ్చాం.

"రాజీనామా కోపంతో ఇచ్చింది కాదు. నీ పేరు బయటికి రావాలంటే నా పేరు పక్కకి జరగాలిగా" అన్నాడు. నేనేమో చాడీ అనుకున్నాడని కుమిలిపోతున్నాను. నేను కోపంగా ఉన్నానని ఆయన మాట్లాడలేదట. నువ్వన్నది నిజం, మన ఇంట్లో నోళ్ళు తెరవరు.

తర్వాత నాన్న చొక్కా మార్చుకుని సరాసరి ఆరో అంతస్తుకి వెళ్ళాడు. వద్దు నాన్నా, ఆయన మనకి శత్రువు అని వెనకాలే పరిగెత్తాను. జడ్జిగారు తలుపు తీశారు. నాన్న అన్నాడు కదా, "అయ్యా, రెండేళ్ళుగా మీరు నాతో మాట్లాడటం లేదు. మీరు మానెయ్యాల్సింది నాతో కాదు. మీకు నీళ్ళు ఆపింది ఇదిగో, ఈ పిల్ల."

జడ్జిగారు నన్ను కింది నుంచి పైదాకా చూసి, కొలతలు రాసిన కాగితం ఇంకా ఉందా అని అడిగారు. ఫారంతో పాటు తెచ్చి ఇచ్చాను. నిలబడే మొత్తం చదివారు. లోపలికెళ్ళి గంటసేపు రాసి ఇచ్చిన ఉత్తరం నకలు ఇది:

"ఈ అమ్మాయి నా ఇంటికి మూడు రోజులు నీళ్ళు ఆపింది. తప్పు నాది. ఉద్యోగం చేసినన్నాళ్ళూ నేను తీర్పులు చెప్పాను, నా మీద తీర్పు చెప్పినది ఈమె ఒక్కతే. రుజువు చూపింది, శిక్షకు గడువు పెట్టింది, గడువు తీరిన నిమిషానికి నీళ్ళు వదిలింది. ఆ మూడు రోజులూ తాగడానికీ వంటకీ రెండు బకెట్లు నా గుమ్మం ముందు ఉండేవి. ఎవరు మోసుకొచ్చారో ఈ రోజు అడిగి తెలుసుకున్నాను. అప్పుడు ఈమెకు పదిహేనేళ్ళు, మాకు లిఫ్టు లేదు. ఫారంలో ఈమె రాసినది నిజం. ఈ బకెట్ల సంగతి ఈమె రాయలేదు కాబట్టి నేను రాస్తున్నాను."

అత్తా, అది రాయాలని నాకు తట్టనే లేదు. జడ్జిగారింట్లో ముసలామె ఉంది, నీళ్ళు లేకుండా ఎలా ఉంటారు?

నీ కోడలు

*

డిసెంబర్ 6

కోడలు పిల్లా,

జడ్జిగారి ఉత్తరం ఆఫీసులో చదివి వినిపించాను. ఈసారి పక్క ఆఫీసు వాళ్ళు వాళ్ళంతట వాళ్ళే వచ్చి నిలబడ్డారు. పెద్దాఫీసరు కాపీ అడిగాడు. ఇవ్వలేదు. ఇంటర్వ్యూ అయ్యాక చూద్దాం అన్నాను, మనకి మొక్కల అనుభవం ఉంది కదా.

ఇంటర్వ్యూలో తెలియనిది అడిగితే తెలియదని చెప్పు. కొలవకుండా అంకె చెప్పే మనిషిని నేనైతే బాయిలర్ దగ్గరికి రానివ్వను.

అత్త

*

ఫిబ్రవరి 18

అత్తకి,

నిన్న ఇంటర్వ్యూ అయింది.

ముగ్గురు కూర్చున్నారు. మధ్యలో తెల్లజుట్టు ప్రొఫెసరమ్మ. పక్కన టై కట్టుకున్నాయన నా నోటీసుల కాపీలు తిరగేసి, "అన్నింటి మీదా మీ నాన్నగారి సంతకమే ఉందే. ఇదంతా నువ్వే చేశావని ఎలా నమ్మడం?" అన్నాడు. నమ్మనక్కర్లేదండీ, అడగండి అన్నాను. ఆ ధైర్యం ఎక్కణ్ణుంచి వచ్చిందో తెలీదు.

"సరే. మా అమ్మాయిల హాస్టల్ అయిదంతస్తులు. పైవాళ్ళు రోజూ గొడవ చేస్తున్నారు. ఏ అంతస్తుకి ఎన్ని నిమిషాలివ్వాలి?"

"తెలీదండీ" అన్నాను.

ఆయన కాగితం మీద ఏదో రాసుకోబోయాడు. నేను ఆగలేదు. "బకెట్టిస్తే ఒక గంటలో చెప్తాను" అన్నాను.

టై ఆయన నవ్వాడు. ప్రొఫెసరమ్మ నవ్వలేదు. కుర్చీ వెనక్కి జరిపి లేచింది. "పద" అంది.

నిజంగానే వెళ్ళాం అత్తా! ముందు నేను, వెనక ముగ్గురూ, వాళ్ళ వెనక బకెట్టుతో హాస్టల్ వార్డెనమ్మ. బయట వంతు కోసం కూర్చున్న పిల్లలు నోళ్ళు తెరిచి చూశారు, పొడుగమ్మాయి కూడా. ప్రొఫెసరమ్మే గడియారం పట్టుకుంది. కింద ఇరవై ఎనిమిది సెకన్లు. రెండో అంతస్తు ముప్పై అయిదు. మూడోది తొంభై అయిదు. నాలుగు, యాభై. అయిదు, అరవై రెండు.

"ఇప్పుడు నిమిషాలు చెప్పు" అన్నాడు టై ఆయన.

"చెప్పనండీ" అన్నాను. "మూడోది నాలుగో అంతస్తుకన్నా నెమ్మదిగా ఉండటానికి వీల్లేదు. అక్కడ వాల్వు లోపల ఏదో అడ్డం పడింది. అది తియ్యకుండా నిమిషాలు పంచితే తప్పుడు పంపకం అవుతుంది."

పైవాళ్ళ గొడవే కదా అడిగింది, మూడో అంతస్తు వాళ్ళు ఎప్పుడూ ఏమీ అనలేదే అన్నారు వాళ్ళు. వార్డెనమ్మ చిన్నగా అంది, మూడో అంతస్తులో ఈ ఏడు కొత్తగా చేరిన పిల్లలున్నారు, భయపడి అడగలేదేమో అని. ప్లంబర్‌ని పిలిపించి వాల్వు విప్పించారు. తుప్పు ముద్ద, దాంతోపాటు చిరిగిన రబ్బరు ముక్క బయటికొచ్చాయి. మళ్ళీ బిగించి బకెట్టు పెడితే నలభై మూడు సెకన్లు! మూడో అంతస్తు గదుల్లోంచి పిల్లలు కేకలు పెట్టుకుంటూ బయటికొచ్చారు. నాకైతే అప్పుడే సీటొచ్చినంత సంతోషమైంది.

అందరి ఇంటర్వ్యూలూ రెండు గంటలు ఆలస్యమయ్యాయి. టై ఆయన చొక్కా తడిసిపోయింది. వెళ్ళేటప్పుడు, "తెలీదు అన్నావు కదా, అక్కడే నీ మార్కులు తగ్గించబోయాను" అన్నాడు. తగ్గించాడో లేదో చెప్పలేదు. ఫలితాలు మార్చి 25న.

కోడలు

*

మార్చి 26

అత్తా,

ఈ ఉత్తరం నిదానంగా రాద్దామనుకున్నాను. చేతకావడం లేదు.

నిన్న నేనూ నాన్నా కాలేజీకి వెళ్ళాం. జాబితా వరండా గోడకి అంటించారు. ముప్పై పేర్లు. జనం ఒకరి మీద ఒకరు. నాకు ముందుకెళ్ళే ధైర్యం లేక స్తంభం పక్కన నిలబడిపోయాను. నాన్న తోసుకుంటూ వెళ్ళాడు. పైనుంచి చూస్తే గుండె ఆగుతుందని కింది నుంచి చదవడం మొదలుపెట్టాడు. ముప్పై, ఇరవై తొమ్మిది, ఇరవై ఎనిమిది, పైకి చదువుతున్నాడు నాకు వినపడేలా. ఇరవై దాటాడు, నేను లేను. పది దాటాడు, లేను. ఎవరి పేరో చదివిన ప్రతిసారీ ఆయన గొంతు తగ్గిపోతోంది. ఆరు. అయిదు. అక్కడ ఆగిపోయాడు.

నేను ఇక లేదనుకున్నాను. కళ్ళు మూసుకున్నాను.

అప్పుడు నాన్న పక్కనున్న ఎవరో పెద్దాయన చెయ్యి పట్టుకుని, "అయ్యా, ఆ నాలుగోది కాస్త చదివి పెడతారా, నా కళ్ళు సరిగ్గా లేవు" అన్నాడు. ఆయన చదివాడు. నా పేరు. వరండా అంతా వినపడింది. "ఇంకోసారి" అన్నాడు నాన్న. ఆయన మళ్ళీ చదివాడు. "ఇంకొక్కసారండీ, విసుక్కోకండి" అన్నాడు. మూడోసారి చదువుతూ ఆ పెద్దాయనకే నవ్వొచ్చింది. "ఎవరండీ ఈ అమ్మాయి? మీకేమవుతుంది?" అని అడిగాడు.

నాన్న గుంపులోంచి నా వైపు తిరిగి, నన్ను చూపిస్తూ, నేను ఎప్పుడూ విననంత గట్టిగా అన్నాడు.

"నేను ఆ అమ్మాయి నాన్ననండీ."

నీ కోడలు